కాలయంత్రం మెదకులో ఆగదేం?

‘ఆదిత్య 369’ మన కాలయంత్ర కథలకు మకుటమని మిత్రులంటారు. కాదనను. 1991లో సింగీతం వారు తీసిన ఆ చిత్రం నాకూ ఇష్టమే. కానీ ఆ యంత్రం గతంలో దిగినదెక్కడ? రాయలవారి కాలంలో! గతమనగానే మనకు సింహాసనాలే తోస్తాయేమి?

నేనుండే మెదకులో ఒక చర్చి ఉన్నది. కరవు రోజుల్లో పోస్నెట్ దొర పని కల్పిస్తే, ఆకలిగొన్న జనం కూటి కోసం రాళ్ళు మోసి కట్టినది. 1924 డిసెంబరు 25న ప్రారంభమైంది. దొర పేరు ఊరందరికీ తెలుసు. మోసినవారిలో ఒక్కరి పేరు చెప్పగలమా? మనుషులకూ వస్తువులకూ కాలశక్తిని ఎక్కించే యంత్రాన్ని కల్పించదలచినవారు ముందు ఆ రాళ్ళకు ఎక్కించండి.

విజ్ఞాన కల్పనలో కూలీల గోల ఎందుకంటారా? అయ్యా, 1895 నాటి వెల్స్ నవలలో భూగర్భాన యంత్రాలు నడిపే మోర్లాకులు శ్రామికుల సంతతేనని కాలయాత్రికుడే ఊహిస్తాడు. యంత్రాన్ని అరువు తెచ్చుకొన్నాము సరే, ఆ ముక్కను అక్కడే వదిలి వచ్చామెందుకు?