బిడ్డ తల్లికడనే యుండవలెను



మీ యింట పనిచేయు నామె యొకనాడు కన్నీరు దుడుచుకొనుచు, "అమ్మగారూ, మా ఆయన కూలిడబ్బులన్నీ తాగేస్తున్నాడు. నా పిల్లను మీ ఇంట్లోనే ఉంచుకోండి, రెండుపూటలా ఇంత అన్నం పెట్టండి" అని వేడుకొనినచో మీరేమందురు? జాలిగుండె గలవారు వెంటనే సరే యందురు. పిమ్మట నా పిల్ల మీ యింట అంట్లు తోముచు, మీ పిల్లలు బడికి బోవుటను గుమ్మమున నిలిచి చూచుచుండును. పదునాలుగేండ్లు నిండని బిడ్డను పనిలో నుంచుకొనుట 2016లో సవరింపబడిన చట్టము ప్రకారము నేరము. అంతకన్న, తల్లి యుండియు తల్లి లేనిదైన యా పిల్ల దుఃఖమును తీర్చగల వారెవ్వరు?

ఆ తల్లికి ప్రేమ లేక కాదు. పొయ్యిలో పిల్లి లేవకనే బిడ్డను వీడుచున్నది. అనాథశరణాలయములలోని పిల్లలలో ననేకులకు తల్లియో తండ్రియో జీవించియే యున్నారు.

త్రాగుడు పరుల యింటి గుట్టని మన మూరకుండుట తగదు. నెల్లూరు జిల్లా దూబగుంటలో రాత్రిబడిలో నాలుగక్షరములు నేర్చిన కూలిస్త్రీలు, రోశమ్మగారితో గూడి, తమ యూరి సారాయంగడిని మూయించిరి. 1992లో నా యుద్యమము రాష్ట్రమెల్ల బ్రాకెను. 1993 అక్టోబరు 1వ తేదీనుండి సారాయి నిషేధింపబడెను. 1995లో వచ్చిన సంపూర్ణ మద్యనిషేధము మాత్రము 1997లోనే సడలింపబడెను. శాసనములు వచ్చుచు బోవుచు నుండును. బిడ్డ యాకలి యంతదాక వేచియుండదు.

కావున నిపుడు చేయదగిన దేమి? బిడ్డను ఆశ్రమమున జేర్చుట కడపటి యుపాయముగా మాత్రమే యుండవలెనని 2015 నాటి బాలల న్యాయచట్టము చెప్పుచున్నది. అర్హులైన బీదబిడ్డలను ఇంటనే యుంచి పెంచుటకు మిషన్ వాత్సల్య పథకము క్రింద నెలకు 4,000 రూపాయల సాయము గలదు. జిల్లా బాలల పరిరక్షణ విభాగమున దరఖాస్తు చేసికొనవలెను. త్రాగుబోతు నొక రోగిగా నెంచి చికిత్సకు బంపవలెను. అందులకు 14446 అను ఫోను సంఖ్య గలదు. తండ్రి బిడ్డను హింసించుచున్నచో మాత్రము జాగు సేయక 1098కు తెలుపుడు. అట్టి యెడ వేరుచేయుటయే రక్షణ.

ఆ పనిమనిషికి చదువు రాదు. కచేరీ మెట్లెక్కుటకు జంకును. మీకు చదువు గలదు. ఒక మధ్యాహ్నము తీరిక చేసికొని, ఆమె ప్రక్కన గూర్చుండి యా దరఖాస్తు వ్రాసిపెట్టుడు. ఆ రాత్రి బిడ్డ తల్లిప్రక్కనే నిదురించును.