కూటి మాటలు – 14: గుండెకాయ సాస్‌కి కిటికీ ఎందుకు మూయాలి?

అమెరికాలో, మిషిగన్ రాష్ట్రంలో ఫ్లింట్ అనే ఊరుంది. ఆ ఊరివాళ్లు మా ఊరి తిండి అని గొప్పగా చెప్పుకునేది కోనీ. పొడుగు బన్నులో సాసేజ్, దాని మీద మసాలాతో ఉడికించిన మాంసం సాస్, ఆ పైన పచ్చరంగు ఆవ ముద్ద, పచ్చి ఉల్లిపాయ ముక్కలు. పక్కనున్న డెట్రాయిట్‌లో ఈ సాస్ జారుగా ఉంటుంది. ఫ్లింట్‌లో పొడిపొడిగా ఉంటుంది. ఆ పొడి ఏంటో తెలుసా? గొడ్డు గుండెకాయ.

దీన్ని 1910లు, 20లలో మొదలుపెట్టింది గ్రీసు, మాసిడోనియాల నుంచి బతుకుతెరువుకి వచ్చినవాళ్లు. తిన్నది కార్ల ఫ్యాక్టరీ కార్మికులు. 1936 డిసెంబర్ చివర్లో ఫ్యాక్టరీ లోపలే కూర్చుండిపోయి, 44 రోజులు కదలకుండా జనరల్ మోటార్స్ మెడలు వంచి యూనియన్‌కి గుర్తింపు తెచ్చుకున్నది ఈ ఊరి కార్మికులే. గుండెకాయ చవక, బలం, కడుపు నిండుతుంది. మా అమ్మమ్మ కూడా ఈ మూడు కారణాలే చెప్పేది.

ఆ సాస్‌ని అక్కడి పత్రికలు అచ్చేస్తాయి, ఇంట్లో వండుకోవడానికి కొలతలిస్తాయి. ఎవరూ ముక్కు మూసుకోరు. మన దగ్గర అదే గుండెకాయకి కొలత ఎక్కడుంది? తెలుగులో వంటల పుస్తకాలు కుప్పలుగా వచ్చాయి. వంకాయకి ఇరవై రకాలుంటాయి. పెద్దకూరకి ఒక్క పేజీ చూపించండి.

నేను తెలుగు పాఠం చెప్పేవాణ్ణి, కాబట్టి నా ఇలాకాలో మాట్లాడతాను. ఆముక్తమాల్యదలో విష్ణుచిత్తుడు వానాకాలం ఏం పెట్టాడు, ఎండాకాలం ఏం పెట్టాడు, చలికాలం ఏం పెట్టాడు అని క్లాసులో చెప్తాం, పరీక్షలో అడుగుతాం. అదే కావ్యంలో మాలదాసరి కూడా ఉన్నాడు. వండేవాడిగా కాదు, బ్రహ్మరాక్షసుడు పట్టుకుని తినబోయినవాడిగా! సాహిత్యంలో మనకు దొరికిన చోటు అది. తర్వాత మన కథలొచ్చాయి, మన కవిత్వమొచ్చింది. అక్కడ పెద్దకూర ఆకలిగా వచ్చింది, అవమానంగా వచ్చింది, జెండాగా వచ్చింది. 2012 ఏప్రిల్ 15న ఉస్మానియాలో మన విద్యార్థులు బీఫ్ ఫెస్టివల్ పెట్టి దాడులు ఎదుర్కొన్నారు. అది జరగాల్సిందే, జరిగింది. కానీ జెండాకి ఉప్పెంత, కారమెంత అని ఎవరూ అడగరు. మన ఆడవాళ్ల చేతిలోని లెక్క మాత్రం రాయకుండానే పోతోంది. మరాఠీలో షాహు పటోలే 2015లోనే దళితుల వంటల మీద పుస్తకం తెచ్చాడు. మనం పెద్ద పెద్ద ఉపన్యాసాలిస్తున్నాం.

"ఉద్యమం వదిలేసి వంటలేంటన్నా?" అంటాడు ఒక తమ్ముడు. ఇంకొకరు తెలివిగా, "అంబేద్కరే మానమన్నాడు కదా సార్" అంటారు. 1927లో మహద్‌లో బాబాసాహెబ్ మానమన్నది చచ్చిన పశువు మాంసం. ఊరు పారేసింది ఎత్తుకొచ్చుకునే బతుకుని మానమన్నాడు. అంగట్లో డబ్బులిచ్చి కొనుక్కున్న కిలో మాంసానికీ దానికీ తేడా తెలియకపోతే 1948లో ఆయన రాసిన "ది అన్‌టచబుల్స్" చదవండి. గొడ్డుమాంసానికీ అంటరానితనానికీ ముడి ఎక్కడ పడిందో ఆయన వెతికాడు. వెతికిన పుస్తకాన్ని వదిలేసి ఒక్క మాట పట్టుకుని నన్ను బెదిరిస్తే ఎట్లా?

ఇక సౌమ్యుల బ్యాచ్: "కాలం మారుతుంది, గ్రీకుల్ని కూడా ఒకప్పుడు తరిమారు." నిజమే. 1909లో సౌత్ ఒమాహాలో గుంపు గ్రీకుల పేట మీద పడి తగలబెట్టింది. 1924 చట్టం వాళ్ల వలసకే దాదాపు తలుపేసింది. తర్వాత ఆ పిల్లలు తెల్లవాళ్లలో కలిసిపోయారు, నాన్న సాస్ వారసత్వమైపోయింది. కానీ అదే ఫ్లింట్‌లో నల్లవాళ్లు ఎక్కువ. 2014లో ఆ ఊరి కుళాయిల్లోకి సీసం కలిసిన నీళ్లు వచ్చాయి. కలిసిపోవడానికి వీలున్నవాడికి కాలం పనిచేస్తుంది. ఇంటిపేరు చెప్పగానే వాడ చెప్పేవాళ్లం మనం, మనకు ఏ కాలం పనిచేస్తుంది?

సరే, వంట. నేను కొనేది దున్న గుండెకాయ. 1977 చట్టం ఆవునీ దూడనీ కోయొద్దంటుంది, సర్టిఫికెట్ ఉన్న దున్నని కాదనదు. ఇది ముందే చెప్పాల్సి రావడం కూడా మన వంటలో భాగమే, ఫ్లింట్‌లో ఈ వాక్యం అక్కర్లేదు.

గుండెకాయ అరకేజీ. నిలువునా చీరి, లోపల గొట్టాలు, తెల్లపొర, గడ్డకట్టిన రక్తం తీసేసి, మూడు నీళ్లు కడగాలి. కొవ్వు నూరు గ్రాములు కలిపి సన్నగా ఖైమా కొట్టించండి. అసలు కిటుకు ఇక్కడుంది. నూనెలో వేయించకూడదు. వేయిస్తే ఉండలు కడుతుంది. గిన్నెలో చల్లటి నీళ్లు పోసి, ఖైమా అందులో వేసి, చేత్తో బాగా పిసికి, అప్పుడు పొయ్యి మీద పెట్టాలి. ఇసకలా విడిపోతుంది. రెండు ఉల్లిపాయలు సన్నగా తరిగి, ఎనిమిది వెల్లుల్లి రెబ్బలు దంచి వేయండి. కారం రెండు చెంచాలు, జీలకర్ర పొడి ఒకటిన్నర, ధనియాల పొడి ఒకటి, ఉప్పు. అమెరికావాళ్లు వాడే చిల్లీ పౌడర్‌లో మిరపతో పాటు జీలకర్ర, వెల్లుల్లి కలిసే ఉంటాయి, మనకు అవి విడిగా ఉన్నాయి, అంతే. సిన్సినాటి పద్ధతి కావాలంటే చిన్న దాల్చినచెక్క. నేను వేస్తాను.

సన్న మంట మీద రెండు గంటలు. గుండెకాయ అంటే ఆగకుండా పనిచేసిన కండ, తొందరగా లొంగదు. నీళ్లు ఇగిరి, కొవ్వు పైకి తేలి, గరిటెకి పొడిగా తగిలితే అయినట్టు.

ఆ రెండు గంటలే సమస్య. అద్దె ఇల్లు చూడ్డానికి పోతే నా డాక్టరేట్ ఎవరూ అడగలేదు, "మీరేం తింటారు?" అని అడిగారు. కోడి, మేక అని చెప్పి తాళం తీసుకున్నవాళ్లు మనలో ఎంతమంది! ఫ్లింట్ వంట గుండెకాయ కడగడంతో మొదలవుతుంది. మనది వంటింటి కిటికీ మూయడంతో. కుక్కర్ విజిల్ పెట్టకపోవడం, మసాలా వాసన పైకి రావడానికి ముందుగా ఒక అగరుబత్తి, చెత్త కవరు తెల్లారకముందే వీధి చివర. ఇవన్నీ కూడా తయారీ విధానంలో రాయండి, కారం కొలత పక్కనే. మీ అమ్మనడిగి, తునకలు ఎన్ని ఎండలు ఎండాలో, బోటికి సున్నం ఎంత రాయాలో రాయండి. ఆమె "అంత, ఇంత" అంటుంది. చెంచా చేతికిచ్చి కొలిపించండి.

బన్ను లేకపోతే జొన్నరొట్టె చాలు. చికెన్ సాసేజ్ ఉంటే మంచిదే, లేకపోయినా సాస్ ఆగదు. ఆవ ముద్ద మాత్రం మానొద్దు, కొవ్వుని అది కోస్తుంది. మిగిలింది ఫ్రిజ్‌లో పెట్టుకుని మర్నాడు వేడి చేయండి, రుచి ఇంకా పెరుగుతుంది. డబ్బా మీద పేరు రాసి పెట్టండి.