దయ్యానికి కత్తెర పట్టేవాళ్లు

దయ్యం సినిమా చూసొచ్చిన రాత్రి వంటింట్లో గిన్నె పడితే చాలు, ఇంటిల్లిపాదీ ఉలిక్కిపడుతుంది. అంతగా భయపెట్టిందెవరని అడగండి... దర్శకుడంటారు, దయ్యం వేషం వేసినవాళ్లంటారు, కాస్త తెలిసినవాళ్లు సంగీతమంటారు. ఎడిటర్ పేరు మాత్రం ఎవరి నోటా రాదు. పాపం, ఎప్పుడు భయపడాలో లెక్కగట్టేది ఆయనే!

ఎస్.ఆర్. నగర్ పక్కనున్న అమీర్‌పేటకు ఈ భయంతో పాత చుట్టరికమే ఉంది. దర్శకుడు కాకముందు రామ్‌గోపాల్ వర్మ వీడియో క్యాసెట్లు అద్దెకిచ్చే షాపు నడిపింది అక్కడే. వీసీఆర్ల కాలమది. థియేటర్లో రెప్పపాటులో దాటిపోయే దృశ్యాన్ని ఇంట్లో ఆపుకుని, వెనక్కి తిప్పుకుని చూసే వీలు దొరికిన రోజులు. ఆ షాపు నడిపిన ఆయనే 1992లో రేవతితో ‘రాత్రి’ తీసి తెలుగువాళ్లను హడలగొట్టారు.

అలా వెనక్కి తిప్పి చూస్తే ఒక సంగతి బోధపడుతుంది. భయం దయ్యం ముఖంలో లేదు, అది కనిపించడానికి ముందుండే ఖాళీలో ఉంది. సినిమా అంటే సెకనుకు 24 ఫ్రేములు. అమ్మాయి ఒంటరిగా తలుపు వైపు నడుస్తోంది... ముందే కట్ చేస్తే ఎవరికీ ఏమీ అనిపించదు. మరీ సాగదీస్తే హాల్లో ఎవడో ఈల వేస్తాడు, అంతా నవ్వేస్తారు. 12 ఫ్రేములంటే అరసెకను. కేకకీ నవ్వుకీ మధ్య ఉన్నది ఆ కాస్తే.

ఈ లెక్కలో ఆరితేరినాయన ఇటలీలో ఒకరుండేవారు. పేరు ఫ్రాంకో ఫ్రాటిచెల్లి. 1928లో రోమ్‌లో పుట్టారు. దర్శకుడు దారియో అర్జెంటో పేరు చెబితే హారర్ అభిమానులు దండం పెడతారు కదా, 1977 నాటి ‘సస్పీరియా’తో సహా ఆయన పేరుపడ్డ సినిమాలు చాలావాటికి కత్తెర ఫ్రాటిచెల్లిదే. చిత్రమేమిటంటే, అర్జెంటో ‘డీప్ రెడ్’ వచ్చిన 1975లోనే లీనా వెర్ట్‌ముల్లర్ ‘సెవెన్ బ్యూటీస్’ కూడా ఆయన చేతి మీదుగా వచ్చింది. ఆస్కార్‌లో ఉత్తమ దర్శకత్వానికి మొట్టమొదట ఒక మహిళ నామినేట్ అయింది ఆ సినిమాతోనే. ఒక బల్ల మీద హత్యలు, అదే బల్ల మీద యుద్ధం, వెటకారం! 2012లో ఆయన కన్నుమూశారు.

మనకూ అలాంటి కత్తెర ఒకటుంది. మార్తాండ్ కె. వెంకటేష్. తండ్రి కె.ఎ. మార్తాండ్ కూడా ఎడిటరే. 1998లో ‘తొలిప్రేమ’, 2007లో ‘హ్యాపీడేస్’... కుర్రకారు గుండెల్లో దాచుకున్న సినిమాలు. అదే చెయ్యి 2009 సంక్రాంతికి వచ్చిన ‘అరుంధతి’ని కూర్చింది. కోడి రామకృష్ణ దర్శకత్వం, శ్యామ్‌ప్రసాద్ రెడ్డి నిర్మాణం. కథ ఈ కాలానికీ, గద్వాల సంస్థానం నాటి కాలానికీ మధ్య తిరుగుతుంది. జేజెమ్మ ఎవరో, అరుంధతి ఎవరో ప్రేక్షకుడు ఎక్కడా తికమకపడకూడదు. పైగా బోలెడంత గ్రాఫిక్స్. అలాంటి సినిమాల్లో ఎడిటర్‌కు మరో తిప్పలుంటుంది. గాల్లోకి లేచే వస్తువు ఇంకా తయారై ఉండదు, అది ఉన్నట్టే ఊహించుకుని కత్తెర వెయ్యాలి. పశుపతికి ఒళ్లు సోనూసూద్‌ది, గొంతు రవిశంకర్‌ది. ఆ ముఖం ఎంతసేపు కనిపించాలి, గొంతు ఒక్కటే ఎప్పుడు వినిపించాలి అన్నది మాత్రం కూర్పు బల్ల మీద తేలే సంగతి. అనుష్క పేరూ, పశుపతి పిలుపూ ఇంటింటికీ చేరాయి. టైటిల్స్‌లో ‘కూర్పు’ అని పడినప్పుడు జనం ఇంకా సీట్లు వెతుక్కుంటూ ఉంటారు.

బనగానపల్లె దగ్గర ఆ సినిమా తీసిన నవాబు బంగళాను చూడ్డానికి తర్వాత ఎందరో వెళ్లారు. దానికి ‘అరుంధతి బంగళా’ అనే పేరే స్థిరపడిపోయింది. పట్టపగలు ఎండలో చూస్తే అదొక పాత కట్టడం. చంటిపిల్లలు కూడా జడుసుకోరు.