ఆరోగ్యం పేరుతో అన్న మాటలు

2015 జూన్‌లో సినీనటి ఆర్తి అగర్వాల్ అమెరికాలో చనిపోయింది. వయసు 31. కొవ్వు తీయించుకునే ఆపరేషన్ జరిగి అప్పటికి కొన్ని వారాలే. ‘నువ్వు నాకు నచ్చావ్’లో ఆ అమ్మాయిని నెత్తిన పెట్టుకున్నది మనమే, తర్వాత ఒళ్ళు చేసిందని, ఇక హీరోయిన్‌గా పనికిరాదని తేల్చేసిందీ మనమే. ఆపరేషన్ ఎందుకు చేయించుకుందో ఆమెకే తెలుసు. ఆ రోజుల్లో మనం ఏమన్నామో మాత్రం మనకు తెలుసు.

అదే ఏడాది నవంబరులో ‘సైజ్ జీరో’ సినిమా వచ్చింది. బరువు తగ్గిస్తామని మోసం చేసే క్లినిక్ కథ. దానికోసం హీరోయిన్ అనుష్క బరువు పెరిగింది. సినిమాను మనం ఆదరించలేదు. ఆమె మళ్ళీ సన్నబడిందా లేదా అన్న ఆరా మాత్రం ఏళ్ళ తరబడి వదల్లేదు.

ఇప్పుడు మాట తీరు మార్చాం. పెళ్ళి భోజనాల్లో ఎదురైన పిల్లను ‘ఎంత లావయ్యావే’ అనం. ‘నీ ఆరోగ్యం కోసమే చెప్తున్నా తల్లీ, థైరాయిడ్ చూపించుకున్నావా?’ అంటాం, పదిమందీ వింటుండగా. నోటిదాకా వెళ్ళిన బూరె మళ్ళీ విస్తట్లోకి వస్తుంది. పులిహోర వడ్డించబోతే చెయ్యి అడ్డం పెడుతుంది. మంచి చెప్పామన్న తృప్తితో మనం రెండోసారి నెయ్యి వేయించుకుంటాం.

1969లో న్యూయార్క్‌లో లావుపాటి మనుషుల కోసం సంఘం పెట్టినవాళ్ళు పోరాడింది ఇలాంటి వివక్ష మీద. మనదాకా వచ్చేసరికి ఆ పోరాటం ‘నీ ఒంటిని నువ్వు ప్రేమించుకో’ అన్న వాట్సాప్ స్టేటస్ అయింది. ఆ స్టేటస్ పెట్టిన చేత్తోనే డిటాక్స్ పొడులు ఆర్డరిచ్చాం. ఒక ఏడాది ఇంట్లోవాళ్ళ చేత కొబ్బరినూనె తాగించాం, ఇంకో ఏడాది అండుకొర్రలు తినిపించాం.

అలాగని ఆరోగ్యం ఊసే వద్దని కాదు, షుగర్ మన ఇళ్ళలో ఉన్నమాట నిజం. మన దేశస్థులకు బీఎంఐ 23 దాటితే చాలు, అధిక బరువు కింద లెక్క. సన్నగా ఉన్నవాళ్ళకూ షుగర్ వస్తుంది. అందుకే పరీక్షలు కావాలి, డాక్టరు కావాలి. కానీ మోకాలి నొప్పికి వెళ్ళినా, కడుపునొప్పికి వెళ్ళినా ‘ముందు బరువు తగ్గమ్మా’ అనే అంటారని ఆసుపత్రి గడప తొక్కడం మానేసిన ఆడవాళ్ళున్నారు. ఇంట్లో మనం రోజూ అనే మాటే అక్కడా వినలేక మానేశారు. వాళ్ళ ఆరోగ్యం కోరి అన్నామని చెప్పుకునే హక్కు మనకు లేదు.

మీ అక్కో వదినో అలా నొప్పి ఓర్చుకుంటూ ఉంటే, బరువు ఊసెత్తకుండా ఈ వారమే డాక్టరు దగ్గరికి తోడు వెళ్ళండి.