పదకొండు నెలల కాపురము



1973లో చమురు ధరలు పెరిగిన తరువాత గల్ఫ్ దేశాలలో పనులు పెరిగాయి. కడప నుండి, గోదావరి జిల్లాల నుండి, కరీంనగర్ నుండి ఎందరో బయలుదేరారు. 1990 ఆగస్టులో ఇరాక్ సైన్యం కువైట్‌ను ఆక్రమించినప్పుడు అనేకులు కట్టుబట్టలతో తిరిగివచ్చారు. పరిస్థితులు చక్కబడగానే మరల వెళ్లినవారూ ఉన్నారు. అప్పులే వారిని పంపాయి. ఇంటివారిని పోషించుకొనుట విశ్వాసి బాధ్యతయని పౌలు కూడా తిమోతికి వ్రాశాడు (1 తిమోతి 5:8). గనుక వెళ్లినవారిని నేను తప్పుపట్టను.

అయితే ఒక సంగతి నన్ను గద్దిస్తూనే ఉంది. నేనే వివాహము జరిపించిన ఒక సహోదరుడు పెండ్లయిన 21వ దినమున కువైట్ విమానమెక్కాడు. మొదట అప్పు తీరితే చాలన్నాడు. తరువాత పెంకుటిల్లు తీసి డాబా వేయాలన్నాడు. ఆ తరువాత పై అంతస్తు, రెండెకరాల పొలము. రెండేళ్లకొకసారి సెలవు. అలా పదిహేనేళ్లు గడిచాయి. గృహప్రతిష్ఠలో ప్రసంగించినది నేనే. దేవుడు ఈ కుటుంబమును ఆశీర్వదించాడని చెప్పినదీ నేనే. భోజనాల వేళ ఆ సహోదరి నెమ్మదిగా అన్నది: "అయ్యగారూ, ఈ పదిహేనేళ్లలో మేము కలిసి ఉన్నది పదకొండు నెలలు. ఆయనకు కూరలో ఉప్పు ఎంత ఉండాలో నాకిప్పటికీ తెలియదండి."

నా యొద్ద జవాబు లేదు. మరుసటి నెలలో ఆయన మరల విమానమెక్కాడు.

ద్వితీయోపదేశకాండము 24:5 చదవండి. క్రొత్తగా పెండ్లయినవానిని ఒక సంవత్సరము యుద్ధమునకు పంపకూడదు. ఇంట ఉండి భార్యను సంతోషపెట్టుటే అతని పని. చుట్టూ శత్రువులున్న జనమునకు దేవుడీ ఆజ్ఞ ఇచ్చాడంటే, భార్యాభర్తల సంతోషము ఆయన దృష్టిలో చిన్న విషయము కాదు.

విదేశమే కానక్కరలేదు. ఊళ్లోనే దుకాణము కట్టేసి రాత్రి పదకొండు గంటలకు ఇల్లు చేరేవారి సంగతీ ఇదే. ప్రియులారా, "ఎంత చాలు?" అని దంపతులిద్దరూ కూర్చుని ఈ రోజే మాట్లాడుకొనండి. ఆ మొత్తమును, తిరిగి వచ్చే సంవత్సరమును కాగితముపై వ్రాసి బైబిలులో పెట్టుకొనండి. ఫోనులో డబ్బు మాట కాక వేరే మాట కూడా మాట్లాడండి. సంఘ కాపరులమైన మనము కానుక కవరు చూచి మురిసిపోక, ఆ ఇంటి ఇల్లాలు ఎలా ఉన్నదో అడుగుదము. నేను అడుగక పోతిని.

ప్రభువు మీ ఇండ్లను మాత్రమే కాదు, మీ కాపురములను కట్టును గాక. ఆమేన్.