డ్రాగన్లు వెనక్కి ఎగిరిన వారం

"నీకే ప్రాజెక్టు వచ్చింది?"
"సపోర్ట్ అంట."
"అయ్యో!"

క్యాంపస్ సెలక్షన్లయిన సీనియర్ల నోట ఈ మాటలు మీరు వినే ఉంటారు. కొత్తగా కోడ్ రాస్తేనే ఉద్యోగం, ఎవరో రాసినదాన్ని సరిచేయడం తక్కువ పని అనే భావన మన కాలేజీల్లో గట్టిగా పాతుకుపోయింది. అది ఎంత తప్పో చెప్పడానికి పెద్ద పెద్ద కంపెనీల కథలు అక్కర్లేదు. మీలో చాలామంది పరీక్షల ముందు రోజు కూడా వదలకుండా ఆడిన ఒక గేమ్ చాలు.

అదే స్కైరిమ్. అమెరికాలోని మేరీల్యాండ్‌లో ఉన్న బెథెస్డా గేమ్ స్టూడియోస్ తయారుచేసింది. 2011 నవంబరు 11న విడుదలైంది. ఆడనివారి కోసం ఒక్కమాట: అదొక మంచుకొండల రాజ్యం. ముందు ఇటే వెళ్లాలన్న నియమం లేదు. ఏ దిక్కుకైనా పోవచ్చు, ఏ ఊళ్లోనైనా దూరొచ్చు. మధ్యమధ్యలో ఆకాశం నుంచి డ్రాగన్లు మీద పడుతుంటాయి.

తంటా అంతా ఈ స్వేచ్ఛతోనే. మీరు ఒక ఇంట్లో గిన్నె కింద పడేస్తే, అది ఎక్కడ పడిందో ఆట రాసిపెట్టుకోవాలి. ఎవర్ని కొట్టారు, ఏ పెట్టె తెరిచారు, ఏ పని సగంలో వదిలేశారు... అన్నీ సేవ్ ఫైల్‌లోకి చేరుతుంటాయి. ఆడేకొద్దీ అది ఉబ్బుతుంది. మెమరీ తక్కువగా ఉన్న ప్లేస్టేషన్ 3లో గంటల తరబడి ఆడినవాళ్లకు గేమ్ నత్తనడక నడిచింది. మొదటి గంటలో కనిపించని తప్పు ఇది. ఆఫీసులో పరీక్షించేవాళ్లు కొద్దిమంది, బయట ఆడేవాళ్లు లక్షల్లో. ఎవరి కంట ముందు పడుతుందో మీరే చెప్పండి.

కంపెనీ ఆదరాబాదరాగా సరిచేయడానికి దిగింది. నవంబరు నెలాఖరులో 1.2 అప్‌డేట్ వచ్చింది. దాంతో కొన్ని సమస్యలు తీరాయేమో గానీ, కొత్తవి పుట్టుకొచ్చాయి. డ్రాగన్లు వెనక్కి ఎగరడం మొదలుపెట్టాయి! జనం ఆ వీడియోలు చూసి పడిపడి నవ్వారు. అసలు దెబ్బ మాత్రం నవ్వు పుట్టించనిది. నిప్పు, మంచు లాంటి మంత్రాల దెబ్బను తట్టుకునే శక్తిని ఆటగాళ్లు ఎంతో కష్టపడి సంపాదించుకుంటారు. అప్‌డేట్ తర్వాత ఆట దాన్ని లెక్కలోకే తీసుకోవడం మానేసింది. స్క్రీన్ మీద అంకె అలాగే ఉంది, పని మాత్రం చేయడం లేదు. ఇలాంటి తప్పే ప్రమాదకరం. డ్రాగన్ వెనక్కి ఎగిరితే అందరికీ కనిపిస్తుంది, ఈ రెండోది తెలియాలంటే ఎవరో ఒకరు అనుమానపడి లెక్క చూడాలి. డిసెంబరులో వచ్చిన 1.3 అప్‌డేట్‌తో ఇవి సర్దుకున్నాయి.

ఒకచోట బాగుచేస్తే ఇంకోచోట పాడైందా అని పాతవన్నీ మళ్లీ పరీక్షించడాన్నే రిగ్రెషన్ టెస్టింగ్ అంటారు. పుస్తకంలో రెండు మార్కుల ప్రశ్నగా బట్టీపట్టి ఉంటారు. ఈసారి ఇంటర్వ్యూలో అడిగితే నిర్వచనం అప్పజెప్పకండి, ఈ డ్రాగన్ల కథ చెప్పండి.

మెమరీ కథ ఇంకా బాగుంటుంది. కంప్యూటర్‌లో ఎంత మెమరీ ఉన్నా మొదట్లో స్కైరిమ్ 2 జీబీ దాటి వాడుకునేది కాదు. ఆటగాళ్లే ఆ సంగతి పసిగట్టి, 4 జీబీ వరకూ వాడుకునేలా చిన్న ఉపాయం తయారుచేసి పంచిపెట్టారు. తర్వాత అదే డిసెంబరులో కంపెనీ అధికారికంగా ఆ మార్పు చేసింది. వాడేవాడి మాట వినడానికి నామోషీ పడని టీమ్ అంటే నాకు గౌరవం. సగం ఉడికినది అమ్మేసి తర్వాత చూద్దామనుకోవడం మాత్రం కొన్నవాణ్ని మోసం చేయడమే. అప్‌డేట్లు ఎంత బాగున్నా ఆ మాట మాటే. స్కైరిమ్ మొదటి అదనపు భాగం డాన్‌గార్డ్ ఎక్స్‌బాక్స్ వాళ్లకు 2012 జూన్‌లో అందింది. ప్లేస్టేషన్ 3 వాళ్లు 2013 ఫిబ్రవరి దాకా ఎదురుచూశారు.

అప్‌డేట్ అంటే తప్పులు దిద్దడమే కాదు. 2012లో గుర్రం మీది నుంచే యుద్ధం చేసే వీలు వచ్చింది. 2013లో వచ్చిన 1.9 నాకు మరీ ఇష్టం. అప్పటిదాకా నైపుణ్యాలన్నీ 100కు చేరితే 81వ లెవెల్ దగ్గర ఎదుగుదల ఆగిపోయేది. కొత్త ఊళ్లు కట్టలేదు, కొత్త రాక్షసుల్ని గీయలేదు. 100కు చేరిన నైపుణ్యాన్ని మళ్లీ 15 నుంచి మొదలుపెట్టుకోవచ్చన్నారు, అంతే! ఉన్న పద్ధతికి ఒక్క తలుపు పెట్టారు, ఆ పరిమితి పోయింది. అలాంటి తలుపు ఎక్కడ పెట్టాలో తెలియాలంటే పాత కోడ్‌ను ఇష్టంగా చదివి ఉండాలి.

ఇక మీ విషయానికొద్దాం. ఫైనల్ ఇయర్ ప్రాజెక్టు వైవా రోజున ఎలా ఉందో ఈరోజుకీ అలాగే ఉంది కదూ? దాన్ని బయటికి తీయండి. అది తెలియని ముగ్గురికిచ్చి వాడమనండి, పక్కన కూర్చోండి, నోరు విప్పకండి. ఎక్కడ తడబడుతున్నారో రాసుకోండి. "యాప్ సరిగ్గా రావట్లేదు" అని కాదు. ఏ ఫోన్, ఏ వెర్షన్, ఏయే బటన్లు నొక్కారు, ఏం జరగాలి, ఏం జరిగింది... ఇలా రాయండి. ఒక్కొక్కటీ సరిచేసి, ప్రతిసారీ పాతవి కూడా పరీక్షించి, 1.1 అని పేరు పెట్టి, ఏమేం మార్చారో పది లైన్లలో చేర్చండి. రెజ్యుమేలో "జావా తెలుసు" అన్న లైను పక్కన ఆ పది లైన్ల లింకు పెట్టండి. ఇంటర్వ్యూ చేసేవారు దాన్ని తెరిస్తే మొదట అడిగేది బహుశా ఇదే: "ఈ మూడో తప్పు ఎలా దొరికింది?"