పొలిమేర ఎవరి చిరునామా?

నాటకాల నుంచి సినిమాల్లోకి వచ్చే యువతకు హారర్ దగ్గరి దారి. స్టార్ అక్కర్లేదు. ఒక ఇల్లు, నలుగురు నటులు, చీకటి, శబ్దం ఉంటే చాలు. ఇవన్నీ రంగస్థలం నేర్పే పనులే. కులం, కుటుంబం, పెట్టుబడి కలిసి నడిపే తెలుగు పరిశ్రమలో వారసత్వం లేనివాళ్లకు తెరుచుకునే కొద్ది తలుపుల్లో ఇదొకటి. 2022 నవంబరులో వచ్చిన ‘మసూద’నే చూడండి. దర్శకుడు సాయికిరణ్‌కు అది తొలి సినిమా. అందులో సాఫ్ట్‌వేర్ ఉద్యోగిగా చేసిన తిరువీర్ నాటకరంగం నుంచి వచ్చినవాడే.

తలుపు తెరుచుకున్నాక దెయ్యంగా ఎవరిని నిలబెడుతున్నారన్నదే మన ప్రశ్న. ‘మసూద’లో కాపాడే బాబా ముస్లిమే అయినా, ప్రేక్షకుడికి గుర్తుండిపోయేది భయపెట్టే బుర్ఖా. అనిల్ విశ్వనాథ్ తీసిన ‘మా ఊరి పొలిమేర’ (2021) చేతబడి చుట్టూ తిరుగుతుంది. కార్తీక్ దండు ‘విరూపాక్ష’ (2023)లో క్షుద్రపూజల పేరుతో ఊరి జనం భార్యాభర్తలను సజీవ దహనం చేస్తారు. ఆ తర్వాత కథ వాళ్లకు నిజంగానే మంత్రశక్తి ఉందని చెబుతుంది. చివరికి మన జాలి చంపిన ఊరికే దక్కుతుంది.

తెర బయట ఇది కథ కాదు. 2022 జనవరిలో జగిత్యాలలో మంత్రాలు చేస్తున్నారన్న అనుమానంతో ఒక తండ్రిని, ఇద్దరు కొడుకులను కుల సంఘం సమావేశంలోనే చంపేశారు.

పొలిమేర ఊరికి భయం. మాలపల్లెకు, మాదిగవాడకు అది ఇంటి చిరునామా. శ్మశానం, కాటికాపరి, చావు డప్పు హారర్ సినిమాకు సరుకు. మనవాళ్లకు అవి తరతరాల వెట్టి.

ఈ చూపును తిప్పవచ్చని చేసి చూపించినవాళ్లు ఉన్నారు. వేదికలపై హాస్యం పండించిన జోర్డాన్ పీల్ ‘గెట్ అవుట్’ (2017)లో తెల్లవాళ్ల మర్యాదస్తుల ఇంటినే భయానకం చేశాడు. ఆ స్క్రీన్‌ప్లేకు 2018లో ఆస్కార్ అందుకున్నాడు. మలయాళంలో రాహుల్ సదాశివన్ ‘భ్రమయుగం’ (2024)లో పాణన్ కులపు గాయకుడు చిక్కుకుపోయేది బ్రాహ్మణ గృహంలో. అక్కడ భయం పొలిమేరలో లేదు, నట్టింట్లో ఉంది.

సైబరాబాద్‌లో ఇలాంటి కథ కోసం దూరం వెళ్లనక్కర్లేదు. గచ్చిబౌలిలోని హైదరాబాద్ విశ్వవిద్యాలయంలో రంగస్థల కళల విభాగం ఉంది. హాస్టళ్ల నుంచి గెంటేసిన ఐదుగురు దళిత విద్యార్థులు 2016 జనవరిలో అదే క్యాంపస్‌లో ఆరుబయట గుడారం వేసి, దానికి ‘వెలివాడ’ అని పేరు పెట్టారు. ఆ నెల 17న రోహిత్ వేముల ప్రాణం తీసుకున్నాడు. ఐటీ టవర్ల పక్కనే, పీహెచ్‌డీ చదువుల మధ్యనే పొలిమేర గీత గీశారు. ఆ గీత ఎవరు గీశారో చూపించే హారర్ సినిమా తెలుగులో ఇంకా రావాల్సే ఉంది. కెమెరా పట్టబోతున్న మన నాటక విద్యార్థులు ఆ పని మొదలుపెట్టాలి.